ఏడాది తిరగకుండానే ఆటా?

ఈసారి ఫుట్‌బాల్ గురించి రాస్తున్నాను. నవ్వకండి. ఆటల గురించి నాకు తెలిసింది సున్నా. ఇంట్లో అందరూ క్రికెట్ చూస్తుంటే నేను పకోడీల బాణలి దగ్గరుండే మనిషిని. కానీ అమెరికాలో ఒక కాలేజీ టీమ్ 1971లో ఆడిన సీజన్ గురించి తెలుసుకున్న దగ్గర్నుంచి, మన ఇళ్ళల్లో ఎవరైనా పోయాక చుట్టుపక్కల వాళ్ళు అనే మాటల మీద నాలుగు ముక్కలు రాయాలని మనసు పీకుతోంది. ఆ రెండింటికీ సంబంధమేమిటంటారా? కాస్త ఓపిక పట్టండి, చెబుతాను.

ముందు ఆట సంగతి. అమెరికా వాళ్ళు ఫుట్‌బాల్ అనేది మనం అనుకునేది కాదు. కోడిగుడ్డులా కోలగా ఉండే బంతిని చేత్తో పట్టుకుని పరిగెత్తుతారు, అడ్డొచ్చిన వాళ్ళు మీదపడి కింద పడేస్తారు. తలకి హెల్మెట్, భుజాలకి ప్యాడ్లు. వేసవి సెలవులయ్యాక మొదలై చలి ముదిరేదాకా, దాదాపు ప్రతి శనివారం కాలేజీ టీములు ఆడతాయి. చిన్న ఊళ్ళలో కాలేజీ టీమ్ అంటే కాలేజీది మాత్రమే కాదు, ఊరందరిదీ. డాక్టరు, కొట్టు యజమాని, పక్కింటి పిన్నిగారు, అందరూ శనివారం స్టేడియంలోనే. మన ఊళ్ళలో అమ్మవారి జాతరకి ఇల్లిల్లూ కదిలినట్టే.

వెస్ట్ వర్జీనియా రాష్ట్రంలో, ఒహాయో నది ఒడ్డున హంటింగ్టన్ అనే ఊరు ఉంది. అక్కడ మార్షల్ యూనివర్సిటీ. వాళ్ళ టీమ్‌కి థండరింగ్ హెర్డ్ అని పేరు. 1970 నవంబర్ 14, శనివారం. టీమ్ నార్త్ కరోలినా వెళ్ళి ఈస్ట్ కరోలినా మీద ఆడి, 17-14 తేడాతో ఓడిపోయి, సాయంత్రం విమానంలో ఇంటికి బయలుదేరింది. వాన, మంచు, సరిగా కనిపించని ఆకాశం. దిగాల్సిన ఎత్తు కన్నా కిందికి దిగిపోయిన విమానం, ఎయిర్‌పోర్ట్ ఇంకొంచెం దూరంలో ఉందనగా కొండమీద చెట్లకి తగిలి కూలిపోయింది. అందులో 75 మంది ఉన్నారు. ఒక్కరూ మిగల్లేదు.

37 మంది ఆటగాళ్ళు. హెడ్ కోచ్, ఆయన సహాయకులు. వాళ్ళతో పాటు ఆట చూడటానికి సరదాగా వెళ్ళిన 25 మంది ఊరివాళ్ళు. వాళ్ళలో ఊరికి వైద్యం చేసే డాక్టర్లున్నారు, వ్యాపారులున్నారు, కొందరు భార్యాభర్తలు జంటగా వెళ్ళారు. ఆ ఒక్క రాత్రితో ఆ ఊళ్ళో 70 మంది పిల్లలు తల్లినో తండ్రినో పోగొట్టుకున్నారు. అందులో 18 మందికి ఇద్దరూ పోయారు. ఆరుగురు ఆటగాళ్ళని ఎవరెవరో గుర్తుపట్టడం కూడా కుదరలేదు. ఊరి శ్మశానం స్ప్రింగ్ హిల్‌లో ఆ ఆరుగురినీ పక్కపక్కనే పూడ్చారు.

ఇది చదువుతుంటే నాకు ఆ ఆరుగురి తల్లులే కళ్ళముందు మెదిలారు. నా కొడుకు ఏ సమాధి కింద ఉన్నాడో తెలియకుండా, ఆరింటికీ పూలు పెట్టి రావాలి కదా ఆ తల్లి.

సరే, ఇప్పుడు అసలు విషయానికొస్తాను. అంత జరిగాక యూనివర్సిటీ ముందు ఒక ప్రశ్న నిలబడింది. టీమ్‌ని మళ్ళీ కట్టాలా? కొన్నేళ్ళు ఆపెయ్యాలా? అసలు ఫుట్‌బాలే వద్దనుకోవాలా?

ఆపెయ్యమనే వాళ్ళ బాధలో న్యాయముంది. అదే పచ్చ చొక్కా వేసుకుని, అదే మైదానంలో ఇంకెవరో పిల్లలు పరిగెత్తుతుంటే, కొడుకుని పోగొట్టుకున్న తల్లి ఎలా చూస్తుంది? మన వైపైతే ఇంట్లో మనిషి పోతే ఏటిసూతకం అంటాం. ఏడాదిపాటు పండగ చెయ్యం, శుభకార్యం తలపెట్టం. ఆచారాన్ని తప్పుపట్టడానికి ఈ మాట ఎత్తలేదు. ఆ ఏడాది ఎందుకు పెట్టారో నాకు అర్థమవుతుంది. దుఃఖంలో ఉన్న మనిషిని, 'నువ్వు నవ్వక్కర్లేదు, కొత్త చీర కట్టక్కర్లేదు, ఎవరింటికీ పోక్కర్లేదు' అని వదిలిపెట్టే సెలవు అది. సెలవుగా ఉన్నంతవరకూ అది మంచిదే.

ఆడాలన్న వాళ్ళ మాటలోనూ న్యాయముంది. పోయినవాళ్ళు ప్రాణంపెట్టిన ఆటని ఆపేస్తే, వాళ్ళు మళ్ళీ ఇంకోసారి పోయినట్టు కాదా? ఆ విమానం ఎక్కకుండా మిగిలిన పిల్లలు కొద్దిమంది ఉన్నారు. దెబ్బలు తగిలి కొందరు, వేరే కారణాల వల్ల కొందరు ప్రయాణం చెయ్యలేదు. వాళ్ళకి మాత్రం ఇక మీదట ఏం మిగిలినట్టు?

చివరికి ఆడాలనే తేల్చుకున్నారు. 1971 సెప్టెంబర్ 18న కొత్త టీమ్ మొదటి ఆట ఆడింది. లెక్కపెట్టండి, పట్టుమని పది నెలలు. ఏడాది తిరగలేదు.

ఇక్కడే నాకు మా వదిన గుర్తొచ్చింది. మా పెద్దమ్మ కొడుకు నలభై రెండేళ్ళకే రోడ్డు ప్రమాదంలో పోయాడు. ఫిబ్రవరిలో. వదిన అంతకుముందు నుంచీ ముందుగదిలో మిషన్ పెట్టుకుని జాకెట్లు కుట్టేది. మేలో, మూడో మాసికం అయిన వారానికి, మిషన్ మీద గుడ్డ తీసి మళ్ళీ కుట్టడం మొదలుపెట్టింది. జూన్‌లో బళ్ళు తెరుస్తారు, ఇద్దరు పిల్లల ఫీజులు కట్టాలి. ఆ సంగతి తెలిసిన చుట్టాలే ఏమన్నారో తెలుసా? "ఏడాదైనా కాలేదు, అప్పుడే పెళ్ళిళ్ళ జాకెట్లా?" అన్నారు. ఆ మాట వదిన చెవినపడింది. నాతో ఒకటే అంది: "కుట్టినంతసేపూ చేతుల వంక చూసుకుంటాను వదినా. లేకపోతే గుమ్మం వంకే చూస్తూ కూర్చుంటాను."

సరిగ్గా దీనికి ఎదురు మా అత్తగారు. మావయ్యగారు పోయాక మూడేళ్ళ దాకా ఆవిడ ఏ పెళ్ళికీ వెళ్ళలేదు. శుభలేఖ తెచ్చినవాళ్ళకి కాఫీ ఇచ్చి, "పిల్లని తీసుకురండి, ఇక్కడే అక్షింతలు వేస్తాను" అనేవారు. అప్పుడు అవే నోళ్ళు, "ఏడాది సూతకం అయిపోయింది కదా, ఇంకా ఎన్నాళ్ళమ్మా ఈ మంకు" అన్నాయి. వదిన లేస్తే తొందర, అత్తగారు లేవకపోతే మంకు. మరి సరైన రోజు ఏదో పంచాంగంలో ఎక్కడైనా రాసుందా? ఉంటే నాకూ చూపించండి.

నా అభిప్రాయం సూటిగా చెప్పేస్తాను. దుఃఖంలో ఉన్న మనిషి ఎప్పుడు లేవాలన్నది ఆ మనిషే తేల్చుకోవాలి. మనం గడువు పెట్టకూడదు. తొందరగా లేస్తే ప్రేమ లేనట్టూ కాదు, ఆలస్యంగా లేస్తే బలం లేనట్టూ కాదు. నా చేత ఈ మాట ఇంత గట్టిగా అనిపించింది హంటింగ్టన్ పిల్లలు ఆడిన ఆ 10 ఆటలే.

కొత్త కోచ్ పేరు జాక్ లెంగ్యల్. టీమ్ కట్టడానికి ఆయన దగ్గర మనుషుల్లేరు. ఆ రోజుల్లో కాలేజీలో మొదటి సంవత్సరం పిల్లల్ని పెద్ద టీమ్‌లో ఆడనిచ్చేవారు కాదు. కాలేజీ ఆటల్ని చూసుకునే సంస్థ ఎన్‌సీఏఏ ఆ ఒక్క టీమ్‌కి ప్రత్యేకంగా మినహాయింపు ఇచ్చింది. దాంతో అప్పుడే స్కూలు గడప దాటివచ్చిన పద్ధెనిమిదేళ్ళ పిల్లలు, ప్రయాణం తప్పి బతికిన కొద్దిమంది, వేరే ఆటల నుంచి వచ్చిన ఒకరిద్దరు కలిసి టీమ్ అయ్యారు. ఊరు వాళ్ళని యంగ్ థండరింగ్ హెర్డ్ అని పిలుచుకుంది. అంత అనుభవం లేని పిల్లలకి సరిపోయే ఎత్తుగడలు కావలసివస్తే, అదే రాష్ట్రంలోని వెస్ట్ వర్జీనియా యూనివర్సిటీ కోచ్ బాబీ బౌడెన్ తలుపులు తెరిచి, తన టీమ్ ఆటతీరు నేర్చుకోనిచ్చారు. కష్టంలో ఉన్న ఇంటికి పక్కింటివాళ్ళు గిన్నె అప్పివ్వడం లాంటిది కాదిది, వంట రహస్యమే చెప్పెయ్యడం.

మొదటి ఆట మోర్‌హెడ్ స్టేట్ మీద. 29-6తో ఓడిపోయారు. వారం తర్వాత సెప్టెంబర్ 25న, ఆ ఘోరం జరిగాక సొంత ఊళ్ళో మొదటి ఆట, జేవియర్ యూనివర్సిటీ మీద. ఆఖరి క్షణాల్లో వెనకబడి ఉన్నారు. ఆఖరి బంతికి రెజీ ఆలివర్ విసిరితే టెరీ గార్డ్‌నర్ అందుకుని గీత దాటాడు. 15-13. గెలిచేశారు. ఈ కథ మీద 2006లో 'వి ఆర్ మార్షల్' అని సినిమా వచ్చింది. అందులో కొన్ని పాత్రలు కల్పించినవే అయినా ఈ గెలుపు మాత్రం నిజం. మా అమ్మాయి పట్టుబట్టి నాకు చూపించిన సినిమా అది. ఆ గెలుపు దగ్గర మా అమ్మాయీ నేనూ ఇద్దరం ఏడ్చాం. సినిమా ఆ సంతోషం మీదే నిలబడుతుంది.

కానీ నాకు కావలసిన కథ ఆ తర్వాతే మొదలవుతుంది. ఎందుకంటే సీజన్ అక్కడితో అయిపోలేదు, ఇంకా ఎనిమిది ఆటలున్నాయి. మయామీ అనే ఒహాయో యూనివర్సిటీ మీద ఆడితే 66-6తో చిత్తయిపోయారు. ఊహించండి. కిందటి నెలలో ఊరంతా భుజాలమీద ఎత్తుకున్న పిల్లలు, అరవయ్యారు పాయింట్లు సమర్పించుకుని బస్సెక్కారు. మళ్ళీ సోమవారం ప్రాక్టీసుకి వెళ్ళాలి కదా, మళ్ళీ శనివారం మైదానంలోకి దిగాలి కదా. ఆ ఎనిమిదింట్లో గెలిచింది ఒకే ఒక్కటి, బౌలింగ్ గ్రీన్ మీద 12-10. మొత్తం సీజన్‌లో 2 గెలుపులు, 8 ఓటములు. ఇంకా చెప్పనా? ఆ టీమ్ ఓటముల కన్నా గెలుపులు ఎక్కువ ఉన్న సీజన్ చూడటానికి 1984 దాకా ఆగాల్సివచ్చింది. పదమూడేళ్ళు! 1992లో గాని తమ విభాగంలో జాతీయ ఛాంపియన్లు కాలేదు.

మన ఇళ్ళల్లో జరిగేదీ ఇదే కదండీ. కష్టం వచ్చాక లేచి నిలబడిన మనిషి గురించి మనం చెప్పుకునే కథలన్నీ జేవియర్ ఆటతో ఆగిపోతాయి. "పాపం మొగుడు పోయినా ధైర్యంగా కొట్టు పెట్టుకుంది, పిల్లల్ని ఇంజనీర్లని చేసింది" అంటాం. రెండు వాక్యాల్లో ఇరవై ఏళ్ళు దాటేస్తాం. మధ్యలో 66-6 రోజులెన్నో ఎవరు లెక్కపెడతారు? బేరం రాని రోజు, పిల్లాడికి జ్వరమొచ్చి రాత్రంతా ఒక్కతే కూర్చున్న రోజు, పెళ్ళిలో పేరంటానికి పిలవకుండా పక్కనుంచి వెళ్ళిపోయిన రోజు. ఆ ఓటముల మర్నాడు కూడా లేచి పొయ్యి వెలిగించడమే అసలు సీజన్. అందుకే, లేచి నిలబడిన వాళ్ళని చూసి "తను బాగానే ఉందిలే" అనుకుని పరామర్శ మానెయ్యకండి. మొదటి నెలలో ఇల్లు పట్టనంత మంది వస్తారు. తొమ్మిదో నెలలో ఎవరొస్తారు? అప్పుడు వెళ్ళండి.

ఇక ఇంకో మనిషి. రెడ్ డాసన్ అని ఆ టీమ్ సహాయ కోచ్. కొత్త ఆటగాళ్ళని వెతికే పనిమీద కారులో వెళ్ళడం వల్ల ఆయన ఆ విమానంలో లేరు. తన వాళ్ళందరూ పోయారు, తను మిగిలారు. కొత్త టీమ్‌తో ఆయన ఒక్క సీజన్, ఆ 1971 సీజన్ మాత్రం పనిచేశారు. తర్వాత ఫుట్‌బాల్ కోచింగ్ వదిలేసి వేరే పని చూసుకున్నారు. ఆయన్ని ఓడిపోయిన మనిషి అంటారా? నేననను. పిల్లల్ని ఒక ఒడ్డుకి చేర్చి, తన బరువు తను దింపుకున్నారు. లెంగ్యల్ దారి లెంగ్యల్‌ది, డాసన్ దారి డాసన్‌ది. ఒకే ఇంట్లో మా వదినా మా అత్తగారూ ఉండొచ్చు, ఇద్దరూ సరైనవాళ్ళే కావచ్చు.

ఇక్కడ నాలో నాకే ఒక ఎదురుప్రశ్న వచ్చింది, దాన్ని దాటెయ్యలేను. ఊరి దుఃఖమంతా పద్ధెనిమిదేళ్ళ పిల్లల భుజాలమీద పెట్టడం న్యాయమేనా? వాళ్ళు చనిపోయినవాళ్ళ బదులు ఆడాలి, వాళ్ళ తల్లుల కళ్ళముందు ఆడాలి. మన దగ్గర కూడా తండ్రి పోయిన పదో రోజునే పద్నాలుగేళ్ళ పిల్లాణ్ణి పట్టుకుని, "ఇక ఈ ఇంటికి మగదిక్కు నువ్వేరా, అమ్మని నువ్వే చూసుకోవాలి" అనేస్తాం. ఆడపిల్లయితే చెప్పకుండానే వంటింటి బాధ్యత ఎత్తేస్తాం. అంతవరకూ బంతాట ఆడుకున్న పిల్లాడు ఆ పూటనుంచి గొంతు తగ్గించి మాట్లాడతాడు. మనం దాన్ని చూసి "ఎంత బుద్ధిమంతుడో" అని మురిసిపోతాం. వాడు ఏడవడం మానేశాడని మనకి తట్టదు.

ఆ పిల్లల విషయంలో నాకు నచ్చిందేమిటంటే, వాళ్ళమీద గెలవాలన్న షరతు లేదు. అప్పటి అమెరికా అధ్యక్షుడు నిక్సన్ కూడా ఆ టీమ్‌కి ఉత్తరం రాస్తూ, సీజన్ ఎలా పోయినా సరే, మైదానంలోకి ఒక టీమ్‌ని దింపడంతోనే మీరు అన్నిటికన్నా పెద్ద గెలుపు గెలిచేశారు అన్న అర్థం వచ్చేలా రాశారు. రాజకీయ నాయకుల ఉత్తరాల్ని నేను పెద్దగా పట్టించుకోను గానీ, ఆ మాట సరైన చోట పడింది. మన పిల్లలకీ అదే చెప్పాలి. తండ్రి పోయిన ఏడాది ఇంటర్ పరీక్ష రాసే పిల్లాడికి "నాన్న ఆత్మ శాంతించేలా ర్యాంకు తెచ్చుకో" అనకండి. చచ్చిపోయినవాళ్ళని మార్కుల కోసం వాడుకోకండి. "వెళ్ళి రాసిరా చాలు, వచ్చాక అన్నం తిందాం" అనండి.

చేస్తూ ఉంటే మర్చిపోతారు అని మాత్రం నేననడం లేదు. ఆ ఊరు ఏదీ మర్చిపోలేదు. 1972లో యూనివర్సిటీ ఆవరణలో ఆ 75 మంది పేరున ఒక ఫౌంటెన్ కట్టారు. ఏటా నవంబర్ 14న ఆ ఫౌంటెన్ చుట్టూ అందరూ చేరతారు. పోయినవాళ్ళని తలుచుకుని, నీళ్ళు ఆపేస్తారు. చలికాలమంతా అది అలా మూగగా ఉంటుంది. వసంతంలో మళ్ళీ నీళ్ళు వదులుతారు. యాభై ఏళ్ళు దాటినా ఇలాగే చేస్తున్నారు. చదివినప్పుడు మనం పెట్టే తద్దినమే గుర్తొచ్చింది నాకు. ఏడాదికొక రోజు పూర్తిగా వాళ్ళది. మిగతా రోజుల్లో ఆట ఆడుకోవచ్చు, జాకెట్లు కుట్టుకోవచ్చు, పెద్దగా నవ్వుకోనూవచ్చు. ఆ ఒక్కరోజు ఉంది కాబట్టే, మిగతా రోజుల్లో నవ్వితే ద్రోహం చేసినట్టు అనిపించదు.

కాబట్టి అక్కలూ చెల్లెళ్ళూ, ఒక్కటి అడుగుతాను. మనలో చాలామందికి పరామర్శకి వెళ్ళినప్పుడు ఏం మాట్లాడాలో తెలియదు. తెలియక, నోటికొచ్చింది అనేస్తాం. "అప్పుడే" అన్న మాటా, "ఇంకా" అన్న మాటా ఈ రెండూ ఆ గుమ్మం బయట చెప్పులతో పాటే వదిలేసి లోపలికి వెళదాం. "అప్పుడే పనిలో పడ్డావా?" వద్దు. "ఇంకా ఏడుస్తూనే ఉన్నావా?" వద్దు. పోయిన మనిషి పేరు ఎత్తడానికి భయపడొద్దు. "అన్నయ్యకి నీ చేతి ఉలవచారు ఎంత ఇష్టమో" అనండి. ఆవిడ ఏడిస్తే ఏడవనివ్వండి, నవ్వితే మీరూ నవ్వండి. ఆవిడ కుడుతుంటే పక్కన కూర్చుని నాలుగు హుక్కులు కుట్టిపెట్టండి. కుట్టలేక మూలన కూర్చునుంటే, ఆ పూటకి కూర వండి పట్టుకెళ్ళండి.

మీ ఇళ్ళల్లో ఏడాది తిరగకుండానే లేచినవాళ్ళున్నారా? మూడేళ్ళైనా లేవనివాళ్ళున్నారా? వాళ్ళకి ఎవరి ఏ మాట సాయపడిందో నాకు రాయండి. పనికొచ్చే మాటలు మన దగ్గర చాలా తక్కువగా ఉన్నాయి. నలుగురం కలిసి పోగేస్తే, ఈసారి ఎవరింటికైనా వెళ్ళాల్సి వచ్చినప్పుడు వట్టి చేతులతో వెళ్ళకుండా ఉంటాం.